బెంగాలాయన కళ్ళనీళ్ళు

పక్కింటివాళ్ళు మేడ మీద గది వేస్తున్నారు. టైల్స్ పరిచే పనికి బెంగాల్ నుంచి మనుషులొచ్చారు. రాళ్ళు కోసే మిషన్ రొదకి కొన్నాళ్ళుగా నా చెవులు గింగుర్లెత్తిపోతున్నాయి. పొద్దున్నే ప్రహరీగోడ దగ్గర నిలబడి ఆ మిషన్‌ని, దాన్ని కనిపెట్టినవాణ్ణి కలిపి తిట్టి, అప్పుడుగానీ కాఫీ తాగడం లేదు నేను. జీవితమంతా బడిపిల్లల్ని అదిలించిన గొంతు ఇది. రిటైరైనంత మాత్రాన ఊరుకోమంటే ఊరుకుంటుందా?

నిన్న మధ్యాహ్నం మిషన్ ఆగింది. గోడ అవతల ఒక నడివయసు మనిషి, తల నుంచి పాదాల దాకా సిమెంటు దుమ్ముతో నిలబడి, ఖాళీ సీసా ఎత్తి చూపించాడు.

"మా... పానీ" అన్నాడు.

అమ్మా అనలేదు. మేడమ్ అనలేదు. మా అన్నాడు, వాళ్ళ భాషలో అమ్మ అని. ఆ పిలుపు విని ఎన్నేళ్ళయిందో! పొద్దున తిట్టిన తిట్లన్నీ గుర్తొచ్చి నాలుక కరుచుకున్నాను.

సీసా నింపాను గానీ, ఉత్త నీళ్ళిచ్చి పంపబుద్ధి కాలేదు. పళ్ళెంలో అన్నం, గోంగూర పచ్చడి, కోడిపులుసు పెట్టి గోడ మీద నుంచి అందించాను. అతను సిమెంటు బస్తాల నీడన కూర్చుని చేతులు కడుక్కుని తినడం మొదలుపెట్టాడు. రెండో ముద్దకి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. మూడో ముద్దకి కారిపోయాయి.

"కారమా నాయనా?" అని అడిగాను, నోటి దగ్గర చెయ్యి ఊపి చూపిస్తూ.

అతను ఏమన్నాడో తర్వాత చెబుతాను. ఆ నిమిషంలో నా కళ్ళ ముందున్నది అతను కాదు. ఎనభైల్లో మా ఊరి మిరపకాయల కొట్ల గుమ్మంలో, కళ్ళజోడు చేత్తో పట్టుకుని, ఇలాగే కళ్ళనీళ్ళు కార్చుకుంటూ నిలబడ్డ ఇంకో మనిషి.

ఆయన అసలు పేరు మా ఊళ్ళో ఎవరికీ నోరు తిరిగేది కాదు. బెంగాలాయన అనేవాళ్ళు. మున్సిపల్ ఎన్నికల్లో నిలబడ్డప్పుడు కూడా గోడల మీద పేరు పక్కన బ్రాకెట్లో బెంగాలాయన అని రాయాల్సి వచ్చింది, లేకపోతే ఓటేసేవాళ్ళకి తెలియదని. ఆ పేరు నేనూ ఇక్కడ చెప్పను. చెబితే ఎవరో పరాయి మనిషి సంగతి చెబుతున్నట్టు ఉంటుంది నాకు.

ఎందుకొచ్చాడో, ఎలా వచ్చాడో కూడా సరిగ్గా తెలియదు. గోనెసంచుల బేరం మీద కలకత్తా నుంచి వచ్చాడని కొందరనేవాళ్ళు. జనపనార మిల్లులో యూనియన్ పెట్టి, యజమానులతో పడక వచ్చేశాడని కొందరు. ఆయన్నే అడిగితే ఎప్పుడూ ఒకటే జవాబు.

"మద్రాసు మెయిల్లో నిద్రపోయాను మా. లేచి చూస్తే ఇక్కడున్నా."

"మా ఊళ్ళో మెయిలు ఆగదు కదయ్యా! ఎట్టా దిగావు?" అని మా అమ్మ ఒకసారి నిలదీసింది.

"ఆగనిచోట దిగాను మా. అందుకే మళ్ళీ ఎక్కడం కుదరలేదు" అన్నాడు నవ్వకుండా.

అలా అన్నాడేగానీ, సాయంత్రం కలకత్తా వైపు వెళ్ళే మెయిలు మా ఊరు దాటేటప్పుడు ఆయన్ని చూడాలి. ఎవరితో ఏం మాట్లాడుతున్నా చూపుడువేలు పైకెత్తి ఆగిపోయేవాడు. మీటింగులో మైకు ముందున్నా అంతే. రైలు చప్పుడు పూర్తిగా పోయేదాకా వేలు దించేవాడు కాదు. తర్వాత "హా, ఏం చెప్తున్నా?" అని జనాన్నే అడిగేవాడు. జనం అందించేవాళ్ళు. "మురుగ్గాలవ కాడ ఆగారు బాబూ!" అని ఎవరో అరిచేవాళ్ళు. అక్కణ్ణుంచి మళ్ళీ ఎత్తుకునేవాడు.

డిసెంబరులో మేమంతా హాయిగా వరండాల్లో పడుకుంటుంటే, ఆయన చెవులు మూసే ఉన్ని టోపీ తగిలించుకుని తిరిగేవాడు. ఒంటి నుంచి ఎప్పుడూ ఆవనూనె వాసన. కొత్తపట్నం నుంచి చేపలు తెచ్చే ఆమెతో బజారు మధ్యలో కూర్చుని గంటలకొద్దీ వాదించేవాడు. "సముద్రం చేప చేపే కాదు మా, నదిలో చేప తీసుకురా" అని. "నది కావాలంటే మీ ఊరెళ్ళు, నాకున్నది సముద్రమేగా" అని ఆమె గంప ఎత్తేది. మర్నాడు మళ్ళీ ఇద్దరూ అక్కడే. ముసలమ్మనైనా, లంగా వేసుకున్న పిల్లనైనా మా అనే పిలిచేవాడు. కనబడ్డవాళ్ళ చేతిని తన రెండు చేతుల్లోకి తీసుకుని, "అన్నం తిన్నావా మా?" అని అడిగేవాడు. జవాబు చెప్పేదాకా వదిలేవాడు కాదు.

ఆ చెయ్యి పట్టుకునే అలవాటే అంత పనీ చేసింది.

మా అమ్మ మిరపకాయల కొట్లో తొడిమలు తీసే పనికి వెళ్ళేది. దర్శి వైపు నుంచి, ఇటు గుంటూరు పల్లెల నుంచి ఎండుమిరపకాయలు లారీల మీద వచ్చి మా ఊరి కొట్లల్లో గుట్టలు పడేవి. ఆడవాళ్ళు ఆ గుట్టల చుట్టూ కూర్చుని ఒక్కో కాయకీ తొడిమ తుంచేవాళ్ళు. చర్చి పేటవాళ్ళం, సాయిబుల వీధి వాళ్ళు, ఊరి చివర గుడిసెలవాళ్ళు, అందరూ కలిసే. ఆ చేతులు ఎలా ఉంటాయంటే, ఇంటికొచ్చి మజ్జిగతో కడిగి ఆముదం రాసినా తెల్లారేదాకా మంటే. ఆ చేత్తో కన్ను తుడుచుకోకూడదు. ముక్కు గోక్కోకూడదు. పాలకేడ్చే బిడ్డని తాకకూడదు.

అందుకని వాళ్ళల్లో వాళ్ళే ఒక కట్టుబాటు పెట్టుకున్నారు. రోజుకొక మనిషి మిరపకాయ ముట్టుకోదు. ఆమెని వంతమ్మ అనేవాళ్ళు. చంటిపిల్లల్ని ఎత్తుకోవడం, తల్లుల రొమ్ముకి అందించడం, చెమట కంట్లోకి జారినవాళ్ళకి తడిగుడ్డతో తుడవడం, జుట్టు మొహం మీద పడితే వెనక్కి నెట్టడం, ఇదంతా వంతమ్మ పని. ఆమె కూలి పోకుండా తలా ఒక గంప ఆమె పేరున తీసిపెట్టేవాళ్ళు. కొట్టు యజమానికి ఈ సంగతి తెలుసో తెలియదో. తెలిసినా వాళ్ళు ఆపరు.

నేను అప్పటికి చర్చివాళ్ళ మిషన్ స్కూల్లో కొత్తగా టీచరుగా చేరాను. ఎండాకాలం ఒంటిపూట బడి. మధ్యాహ్నం అమ్మకి క్యారేజీ తీసుకెళ్ళేదాన్ని. ఆ రోజు నేను వెళ్ళేసరికి బెంగాలాయన ఓట్లడగడానికి వచ్చి కొట్లోకి అడుగుపెడుతున్నాడు. వెంట వచ్చిన పార్టీ కుర్రాళ్ళు ఘాటుకి తుమ్ముతూ గుమ్మం బయటే ఆగిపోయారు. ఈయన పంచె ఎగ్గట్టుకుని మిరపకాయల మధ్య నుంచి తిన్నగా మస్తాన్‌బీ దగ్గరికి వెళ్ళి రెండు చేతులూ చాచాడు. మస్తాన్‌బీ ఆ ముఠాకి మేస్త్రి. నోరు పెద్దది.

ఆమె చేతులు చటుక్కున వెనక్కి లాక్కుంది. "వద్దు నాయనా, వద్దు! ముట్టుకోమాక!" అంది.

బెంగాలాయన మొహం ఎర్రబడింది. "ముట్టుకోకూడదని ఎవరు చెప్పారు మా మీకు?" అన్నాడు. "నా దగ్గర అట్లాంటిది లేదు. మనిషి మనిషిని ముట్టుకోవాలి."

"అది కాదయ్యా సామీ..."

"తెలుసు మా, నాకు తెలుసు" అని ఆమె రెండు చేతులూ గట్టిగా పట్టుకున్నాడు.

ఇంక చూడండి. పక్కనున్నామె లాక్కుంటే ఇంకా గట్టిగా పట్టుకున్నాడు. ఒకామె కొంగు కింద దాచుకుంటే బతిమాలి బయటికి తీయించాడు. మా అమ్మ చేతులు వెనక్కి పెట్టుకుంటే, ఆమె వెనక్కి వెళ్ళి మరీ పట్టుకున్నాడు. వాళ్ళు వద్దంటున్నది కారం సంగతి. ఆయన అనుకుంటున్నది అంటు సంగతి. కొట్లో ఉన్న చేతులన్నీ అలా పట్టుకున్నాడు. తర్వాత కళ్ళజోడు తీసి, మొహం మీద చెమట రెండు అరచేతులతోనూ శుభ్రంగా తుడుచుకున్నాడు.

నేను కేక వేసేలోపే అయిపోయింది.

ఆయన ఒక్కసారి నిలబడిపోయాడు. కళ్ళ వెంట ధారలు. చేతులు జోడించి అందరికీ దండం పెట్టి, తడబడుతూ గుమ్మం వైపు నడిచాడు. కొట్లో చప్పుడు లేదు. మా అమ్మ మణికట్టుతో కొంగు ఎత్తి నోటికి అడ్డం పెట్టుకుంది. మస్తాన్‌బీ తల వంచేసుకుంది. అందరి భుజాలూ కదులుతున్నాయి. ఎంత కదిలిపోయారో అనుకున్నాను నేను.

బయట పార్టీ కుర్రాళ్ళు ఆయన్ని చూసి టోపీలు తీసినంత పని చేశారు. ఆయన నా పక్కకి వచ్చి రహస్యంగా, "మా... కళ్ళు... చచ్చిపోతున్నా" అన్నాడు. కొట్టు వెనక్కి తీసుకెళ్ళి, అమ్మ కోసం తెచ్చిన మజ్జిగంతా ఆయన కళ్ళల్లో పోశాను. ఆ రోజు అమ్మ ఉత్త పచ్చడి అన్నం తింది.

సాయంత్రానికి జీపు మైకు మొదలైంది. "మన ఆడబిడ్డల కష్టం చూసి కంటతడి పెట్టిన నాయకుడు!" ఊరంతా తిరిగింది ఆ మాట. బోరింగు దగ్గర మస్తాన్‌బీ కూడా, "మా చేతులు చూసి ఏడ్చాడమ్మా పిచ్చి నాయన" అని పక్క వార్డు ఆడవాళ్ళకి చెబుతుంటే నేను నా చెవులారా విన్నాను. బెంగాలాయన గెలిచాడు. మా వార్డు కౌన్సిలరు అయ్యాడు.

గెలిచిన దగ్గర్నుంచి ఆదివారాలు చర్చి అయ్యాక మా ఇంటికొచ్చేవాడు. తెలుగు మాట్లాడటమేగానీ రాయడం చదవడం రాదు. మీటింగులో చెప్పబోయేది ముందు నాకు చెప్పి తప్పులు దిద్దించుకునేవాడు. 'వ' అనాల్సిన చోట 'బ' అనేవాడు, నేను బడిపిల్లాణ్ణి అదిలించినట్టు అదిలించేదాన్ని. అప్పుడు "టీచర్ మా, కొట్టొద్దు" అని చెవులు పట్టుకునేవాడు. అమ్మ వంటింట్లోంచి నవ్వేది.

ఆయనకి కారం బొత్తిగా పడదు. కారం కొట్ల కౌన్సిలరు కారం తినలేడని పేటంతా వేళాకోళం. అమ్మ కూరలో కారం వెయ్యకముందే ఒక చిన్న గిన్నెలోకి తీసి పక్కన పెట్టేది. ఆయన ఆ చప్పటి కూరలో బెల్లం ముక్క కలుపుకుని తినేవాడు. "పసిపిల్లాడి కూడు" అని అమ్మ మొహం చిట్లించేది. మళ్ళీ వారం బెల్లం అయిపోకుండా చూసేదీ ఆమే.

ఆయన మనసులో ఒక ముల్లు ఉందని నాకు తెలుసు. ఏ మీటింగులోనైనా మైకు పట్టుకున్నవాడు కంటతడి పెట్టిన నాయకుడు అనగానే ఆయన తల దించుకునేవాడు. జనం అది వినయం అనుకునేవాళ్ళు. ఒక ఆదివారం అన్నం కలుపుతూ ఆగిపోయాడు.

"టీచర్ మా, ఓటు నాకు వేశారా, నా కళ్ళనీళ్ళకి వేశారా?"

"ఓటు ఓటే కదండీ! మీరు పని చెయ్యడం లేదా ఏంటి?" అన్నాను.

"పని ఎవరైనా చేస్తారు." కంచం పక్కకి జరిపాడు. "నాకు అక్కడ ఎవరూ లేరు మా. ఉన్నవాళ్ళు మర్చిపోయారు. ఈ ఊరు నన్ను ఉంచుకుంది. కానీ అబద్ధం చూసి ఉంచుకుంది. నిజం చెప్తే ఉంచుకుంటారా, పొమ్మంటారా?"

ఆయనకి కావాల్సింది పదవి కాదని నాకు అప్పుడు అర్థమైంది. ఆ కొట్లో ఆడవాళ్ళు తనని తమవాడు అనుకుంటున్నారో లేదో తెలియాలి. అంతే. ఆ ఒక్కటీ తెలియక ఆ పెద్దమనిషి అన్నం సయించక కూర్చునేవాడు. నాకు ఆయన మీద జాలేసేది. కోపమూ వచ్చేది, ఇంత చిన్నదానికి ఇంత నలిగిపోవాలా అని.

కొట్లల్లో ఆడవాళ్ళు ఆయన్ని అడిగింది ఒక్కటే. నీళ్ళు. తాగడానికి కుండ ఉంది, చేతులు కడుక్కోడానికి లేవు. బోరింగు ఎక్కడో వీధి చివర. కొట్ల వెనక సందులో మున్సిపాలిటీ కొళాయి వేస్తే వంతమ్మ అవసరమే సగం తగ్గుతుంది. ఆ సందులో ఒక కాంట్రాక్టరు గోడ కట్టుకుని కంకర పోసుకున్నాడు. స్థలం మున్సిపాలిటీదే, గోడ మాత్రం అతనిది. అందరికీ తెలిసిన సంగతే, ఎవరూ మాట్లాడరు. బెంగాలాయన మాట్లాడాడు. కౌన్సిల్లో మాట్లాడాడు, కలెక్టరాఫీసు మెట్లెక్కాడు, చివరికి గోడ కూలగొట్టించాడు.

మర్నాడు ఆయన గది తలుపు మీద ఎవరో బొగ్గుతో రాసిపోయారు. నన్ను పిలిచి ఏం రాశారని అడిగాడు. నేను చదివి వినిపించాను. 'బెంగాలోడా, ప్రాణం మీద తీపుంటే మెయిలెక్కు' అని ఉంది.

ఆయన పగలబడి నవ్వాడు. "వీళ్ళు ఈ ఊరివాళ్ళు కాదు మా. మెయిలు ఇక్కడ ఆగదని తెలియదు" అన్నాడు.

నాకు నవ్వు రాలేదు. "జాగ్రత్తగా ఉండండి" అంటే, "భయం లేదు మా" అని చెయ్యి పట్టుకుని "అన్నం తిన్నావా?" అని అడిగాడు.

సందులో గొట్టాలకి కాలవ తవ్వడం మొదలైంది. ఆ ఆదివారం మా ఇంట్లో నిలబడి ఆయన తన ఉపన్యాసం అప్పజెప్పాడు. కొళాయి తిప్పేముందు చెబుతాడట. ఇన్నాళ్ళు దాచినందుకు ముందు నిజం, తర్వాతే నీళ్ళు.

"మా, ఆ రోజు నేను ఏడవలేదు. మీ చేతికి కారం ఉంది, నాకు తెలియలేదు. ఆ కన్నీళ్ళు నావి కాదు, మిరపకాయవి. చెప్పడానికి భయపడ్డాను. ఇప్పుడు చెప్పాను. ఉంచుకుంటారో పొమ్మంటారో మీ ఇష్టం."

"నావి కాదు కాదండీ, నావి కావు" అని దిద్దాను.

"నావి కావు" అని పిల్లాడిలా మళ్ళీ మళ్ళీ అనుకున్నాడు. తర్వాత వంటింటి గుమ్మం దగ్గరికి వెళ్ళి అమ్మని అడిగాడు. "మా, కోపం వస్తుందా వాళ్ళకి?"

ఆయన అమ్మని అంత సూటిగా అడుగుతాడని నేను అనుకోలేదు. అమ్మ పొయ్యి మీద నుంచి తల తిప్పలేదు. "ముందు అన్నం తిను నాయనా, చల్లారిపోతంది" అంది. మళ్ళీ, "నువ్వు చెప్పేది నువ్వు చెప్పు. మేం చెప్పేది మాకూ ఉంటదిగా ఆ రోజు" అంది. ఆయన మొహం వాడిపోయింది. ఆ పూట బెల్లం కలుపుకోవడం కూడా మర్చిపోయాడు.

ఆ ఆదివారమే ఆఖరు.

నేను క్లాసులో ఉన్నాను. ఆయా గుమ్మంలోకి వచ్చి ఏడుస్తూ నిలబడింది. "బెంగాలాయన్ని నరికేశారంట టీచరమ్మా. సందులో. గొట్టాలు చూట్టానికి ఒక్కడే పోయాడంట" అంది. పట్టపగలు, తవ్విన కాలవ పక్కన. నేను చెప్పులు కూడా వేసుకోకుండా రోడ్డు మీద పడ్డాను. కాళ్ళు కాలిన సంగతి ఇంటికొచ్చాక తెలిసింది. అయ్యో దేవుడా, ఎవరికి ఏం ద్రోహం చేశాడని! కొళాయి అడిగాడు, అంతేగా! కేసు నడిచింది, చూసినవాళ్ళు అడ్డం తిరిగారు, కొట్టేశారు. ఆ సంగతి ఇంతకంటే చెప్పను, చెబితే నా నోరు మంచిది కాదు.

పొద్దువాలే వేళకి ఆసుపత్రి నుంచి తెచ్చి కొట్ల కూలీల యూనియన్ ఆఫీసు వరండాలో పడుకోబెట్టారు. కలకత్తాకి టెలిగ్రాం ఇచ్చారు. ఆ తర్వాతైనా అక్కణ్ణుంచి ఎవరూ రాలేదు. ఎక్కడెక్కడి నుంచో నాయకులు దండలు పట్టుకొచ్చారు. మళ్ళీ అదే మైకు.

అప్పుడు వచ్చారు కొట్లల్లో ఆడవాళ్ళు, పోలీసులు కొట్ల దగ్గర్నుంచి కదలనిచ్చాక. తీస్తున్న గంపలు తీస్తున్నట్టే వదిలి, చేతులు కడుక్కోకుండా నేరుగా వచ్చేశారు. ఎర్రటి చేతులు ఒంటికి తగలకుండా దూరంగా పట్టుకుని నిలబడి ఏడుస్తున్నారు. కళ్ళు తుడుచుకోడానికి లేదు. ఆయన్ని తాకడానికి లేదు. ఆ రోజు వంతమ్మ మా అమ్మ. తడిగుడ్డ పట్టుకుని ఒక్కొక్కళ్ళ దగ్గరికీ వెళ్ళి కళ్ళు తుడుస్తోంది. తుడిచి ముందుకు వెళ్ళేలోపే వాళ్ళ కళ్ళు మళ్ళీ నిండిపోతున్నాయి. అందరివీ అయ్యాక ఆయన దగ్గర కూర్చుని, ఆయన మొహం మీద మట్టి కూడా అదే గుడ్డతో తుడిచింది.

ఇంతలో మెయిలు చప్పుడు వినిపించింది. అమ్మ వేలు పైకెత్తింది. ఏడుస్తున్నవాళ్ళంతా ఆగిపోయారు. మైకు పట్టుకున్నవాడికి ఏమీ అర్థంకాక వాడూ ఆగాడు. రైలు చప్పుడు పూర్తిగా పోయేదాకా అక్కడ ఎవరూ మాట్లాడలేదు. అమ్మ వేలు దించింది. "హా, ఏం చెప్తున్నా?" అని అడిగే మనిషి మాత్రం లేడు.

మైకువాడు మళ్ళీ మొదలుపెట్టాడు, "మన కష్టం చూసి కంటతడి పెట్టిన..." అని. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆయన్ని బతికున్నన్నాళ్ళూ తిన్నది ఆ మాటే. మస్తాన్‌బీ ముందుకు వెళ్ళి నిలబడ్డాను.

"ఆయన ఆ రోజు ఏడవలేదు పిన్నీ! కారం అది! మీ చేతుల కారం! మీకు చెప్పాలని ఎంత తపించిపోయాడో! కొళాయి రోజు చెబుతానన్నాడు" అని అరిచేశాను.

మస్తాన్‌బీ నా వైపు చూసింది. ఏడుపు మొహంలోనే ఏదో నవ్వులాంటిది వచ్చి పోయింది.

"తెలుసులే అమ్మాయ్" అంది.

"ఏం తెలుసు?"

"కారం నీళ్ళేవో ఏడుపు నీళ్ళేవో మాకు తెలవదంటే? బతుకంతా అందులోనేగా! ఆ రోజు ఆయన మొహం చూసి నవ్వాపుకోలేక చచ్చాం. మీయమ్మ కొంగు కుక్కుకుంది నోట్లో."

నేను అమ్మ వైపు తిరిగాను. అమ్మ తడిగుడ్డ పిండుతూ తలూపింది.

"మరి ఓటెందుకేశారు? ఏడ్చాడు ఏడ్చాడని ఊరంతా నువ్వేగా చెప్పావు!"

"ఊళ్ళోవాళ్ళు అది చెబితే ఏస్తారు. మేం ఏసింది అందుక్కాదు." మస్తాన్‌బీ తన చేతులు నా ముందు చాపింది. "ముట్టుకోమాక నాయనా అంటే, అంటరానోళ్ళమని లాక్కుంటన్నాం అనుకున్నాడే ఆ పిచ్చోడు! లాక్కున్నకొద్దీ గట్టిగా పట్టుకున్నాడు. ఈ చేతులు అట్టా ఎవరు పట్టుకున్నారే? మా మొగుళ్ళు పట్టుకున్నారా?"

"ఆ మాట ఆయనకి ఎందుకు చెప్పలేదు పిన్నీ? ఒక్కసారి చెబితే పోయేదిగా!"

"సిగ్గుపడతాడని. మొగోడు కారానికి ఏడ్చానని ఒప్పుకోవాలంటే ఎంత ఇది! కొళాయి రోజు ఆయన నోటితో ఆయన్నే చెప్పనిద్దాం, అప్పుడు అందరం ఒక్కసారే నవ్వి, చేతులు కడుక్కోకుండానే ఆయన చేతిలో పెడదాం అంది మీయమ్మ. ఆయన పట్టుకుంటాడుగా, మాకు తెలుసు."

అక్కడ కూలబడి నేను ఏడ్చిన ఏడుపు నాన్న పోయినప్పుడు కూడా ఏడవలేదు. వాళ్ళకి తెలుసు. ఆయనకి తెలియదు. ఇంకొక్క ఆదివారం ఉంటే తెలిసేది. తనని ఉంచుకున్నారో లేదో తెలియకుండానే పోయాడు, ఉంచుకున్న వాళ్ళందరూ చుట్టూ ఉండగానే.

కొళాయి వచ్చింది. నాయకుల్ని ఎవర్నీ పిలవలేదు, ఆ రోజు వంతమ్మే తిప్పింది. అమ్మ మాత్రం కూరలో కారం వెయ్యకముందు చిన్న గిన్నెలోకి తియ్యడం మానలేదు. "ఎవరికే అది?" అని నేను కసురుకుంటే, "చెయ్యి అట్టా పోయిందిలే" అనేది. చప్పటి కూర తనే మొహం చిట్లించుకుంటూ తినేది. అప్పుడప్పుడు బెల్లం కూడా కలుపుకునేది. అమ్మ పోయాక ఇంట్లో ఆ గిన్నె లేదు. నా వంటలో కారం అందరికీ ఒకటే.

నిన్న గోడ అవతల మనిషి కళ్ళనీళ్ళతో నా వైపు చూసి, తల అడ్డంగా ఊపాడు.

"కారం నహీ మా. అచ్ఛా హై. బహుత్ అచ్ఛా" అన్నాడు.

పాపం, ఎంత మర్యాదో! మెతుకు మిగల్చకుండా తిన్నాడు. పళ్ళెం కడిగి గోడ మీద నుంచి తిరిగి ఇచ్చాడు. కడిగినా ఆ వేళ్ళ సందుల్లో సిమెంటు పోలేదు, తోలు పగిలి తెల్లగా ఉంది. పళ్ళెంతో పాటు ఆ చెయ్యి అందుకోబోతే అతను చటుక్కున వెనక్కి లాక్కున్నాడు.

"నహీ మా, నహీ. సిమెంట్..."

"తెలుసులే నాయనా" అని గట్టిగా పట్టుకున్నాను.